చార్లీ చాన్ క్యారీస్ ఆన్ (1931): ప్రింటు మిగలని డిటెక్టివ్ సినిమా గురించి తరచుగా అడిగే ప్రశ్నలు

పాత హాలీవుడ్ డిటెక్టివ్ సినిమాల మాట ఎత్తితే చాలు, నన్ను అందరూ అటు తిప్పీ ఇటు తిప్పీ ఇవే అడుగుతారు. ప్రతిసారీ మొదట్నుంచీ చెప్పలేక ఒకచోట రాసి పెడుతున్నాను. హంతకుడెవరో ఎక్కడా బయటపెట్టలేదు, నవల చదవాలనుకునేవాళ్లు కంగారు పడక్కర్లేదు.

ఇంతకీ ఏమిటీ సినిమా?

ఫాక్స్ కంపెనీ 1931లో తీసిన టాకీ. మూలం ఎర్ల్ డెర్ బిగర్స్ అనే అమెరికన్ రచయిత 1930లో రాసిన అదే పేరున్న నవల. దర్శకుడు హామిల్టన్ మెక్‌ఫాడెన్. హవాయి దీవుల్లోని హొనొలులులో పనిచేసే చైనీస్ పోలీసు డిటెక్టివ్ చార్లీ చాన్‌గా వార్నర్ ఓలాండ్ మొట్టమొదటిసారి కనిపించింది ఇందులోనే. మార్గరెట్ చర్చిల్, జాన్ గారిక్, వారెన్ హైమర్, మార్జరీ వైట్ మిగతా ముఖ్యపాత్రలు. సినిమా బాగా ఆడింది, ఓలాండ్ జనానికి నచ్చాడు, ఆ తర్వాత చనిపోయేదాకా మొత్తం 16 సినిమాల్లో చాన్‌గా నటించాడు. ఆ 16కీ మొదటి మెట్టు ఇది. ఆ మొదటి మెట్టే ఇప్పుడు లేదు.

లేదు అంటే? ఎక్కడో ఓ మూల ఉండే ఉంటుంది కదా?

ఇప్పటిదాకా ఏ ఆర్కైవ్‌లోనూ, ఎవరి సొంత కలెక్షన్‌లోనూ పూర్తి ప్రింటు ఉన్నట్టు బయటపడలేదు. "లాస్ట్ ఫిల్మ్" అనే మాటకి అర్థం అంతే. ఎప్పటికీ దొరకదని ఎవరూ రాసివ్వలేరు.

కథ ఏమిటి?

ప్రపంచ యాత్రకి బయల్దేరిన ఓ అమెరికన్ టూరిస్టు బృందం లండన్‌లో ఓ పాతకాలపు మర్యాదస్తుల హోటల్లో దిగుతుంది. తెల్లారేసరికి బృందంలోని ముసలి కోటీశ్వరుడు హ్యూ మోరిస్ డ్రేక్ గదిలో చచ్చిపడి ఉంటాడు, ఎవరో గొంతు బిగించి చంపారు. స్కాట్లాండ్ యార్డ్ ఇన్‌స్పెక్టర్ డఫ్ రంగంలోకి దిగుతాడు కానీ పట్టుకోవడానికి ఆధారం ఏమీ ఉండదు, టూర్‌ని ఆపే అధికారమూ లేదు. బృందం నీస్, సాన్ రెమో మీదుగా ముందుకి పోతూనే ఉంటుంది, దారి పొడుగునా శవాలు లేస్తూనే ఉంటాయి. హంతకుడు వీళ్లతోపాటే టికెట్ కొనుక్కుని, వీళ్లతోపాటే భోంచేస్తూ ప్రయాణం చేస్తున్నాడన్న మాట.

డఫ్ వెంటపడి వెంటపడి చివరికి హొనొలులు చేరతాడు, పాత స్నేహితుడు చాన్ ఆఫీసులో కూర్చుని ఉండగానే ఎవరో అతన్ని కాలుస్తారు. అప్పుడు చాన్ కేసు తన చేతుల్లోకి తీసుకుని, శాన్ ఫ్రాన్సిస్కో వెళ్లే ఓడ ఎక్కుతాడు. ఓడ రేవు చేరేలోగా మనిషిని పట్టుకోవాలి. నవల్లో ఓ తమాషా ఉంది, కషిమో అనే చాన్ అసిస్టెంట్, ఏ పనీ సరిగ్గా చెయ్యడని ఆఫీసంతా విసుక్కునే కుర్రాడు, చెప్పకుండా దొంగతనంగా అదే ఓడ ఎక్కేస్తాడు. నాకు ఆ నవల్లో అందరికంటే ఇష్టమైనవాడు వాడే.

చాన్ అంత ఆలస్యంగా వస్తాడా? హీరో కదా?

అవును, నవల సగం గడిచాకగానీ రాడు, సినిమాలోనూ అంతే. ఇప్పుడైతే "హీరో ఎంట్రీ ఇంటర్వెల్‌కా?" అని గోల చేసేవాళ్లం. కానీ అప్పటికి ఫాక్స్ వాళ్లు దీన్ని చాన్ సిరీస్ అనుకుని మొదలుపెట్టలేదు, ఓ మిస్టరీ నవల హక్కులు కొని సినిమా తీశారంతే. ఆలస్యంగా వచ్చినవాడే సినిమాని ఎత్తుకుపోయాడు.

ఇంతకుముందు చాన్ సినిమాలు రాలేదా?

వచ్చాయి, మూడు. 1926లో పాథే కంపెనీ "ది హౌస్ విదౌట్ ఎ కీ" నవలని 10 భాగాల మూకీ సీరియల్‌గా తీసింది, చాన్‌గా జార్జ్ కువా. 1927లో యూనివర్సల్ "ది చైనీస్ ప్యారట్" తీసింది, దర్శకుడు జర్మనీ నుంచి వచ్చిన పాల్ లెనీ, చాన్‌గా సోజిన్ కమియామా. ఇద్దరూ జపాన్ నటులే. ఈ రెండు సినిమాలూ పోయాయి. 1929లో ఫాక్స్ "బిహైండ్ దట్ కర్టెన్" తీసింది, అది మిగిలింది, కానీ అందులో చాన్ పాత్ర అలా వచ్చి ఇలా పోతుంది, ఇ.ఎల్. పార్క్ అనే నటుడు వేశాడు.

చూడండి తమాషా, చాన్‌ని సరిగ్గా పట్టించుకోని సినిమా మిగిలింది. పట్టించుకున్నవి పోయాయి.

ఓలాండ్ సినిమాల్లో ఇదొక్కటేనా పోయింది?

కాదు, ఇంకో మూడున్నాయి. 1932లో వచ్చిన "చార్లీ చాన్స్ ఛాన్స్", 1933లో "చార్లీ చాన్స్ గ్రేటెస్ట్ కేస్", 1934లో "చార్లీ చాన్స్ కరేజ్". ఈ నాలుగూ బిగర్స్ నవలల మీద తీసినవే. ఓలాండ్ చేసిన నవలా చిత్రాల్లో ఇవాళ చూడగలిగింది 1931లోనే వచ్చిన "ది బ్లాక్ క్యామెల్" ఒక్కటే. దాన్ని హొనొలులు వెళ్లి తీశారు, డ్రాక్యులాగా పేరొచ్చిన బెలా లుగోసీ కూడా ఉంటాడు. "చార్లీ చాన్ ఇన్ లండన్" (1934) నుంచి కథలన్నీ స్టూడియో వాళ్లు సొంతంగా రాయించుకున్నవి, అవి అన్నీ దొరుకుతాయి.

అంటే రచయిత రాసిన చాన్ దాదాపుగా పోయాడు, స్టూడియో అల్లిన చాన్ మిగిలాడు. జనం తలలో ఉన్న చాన్ బొమ్మ ఈ రెండో వాడిది. చాన్ మీద వచ్చే విమర్శల్లో సగం కూడా ఈ రెండోవాడి మీదే అని నాకనిపిస్తుంది, అది కింద చెబుతాను.

ఎలా పోయింది? ఎవరైనా కావాలని పారేశారా?

ఒక రాత్రి గురించి ముందు చెప్పాలి. 1937 జూలై 9, న్యూజెర్సీలో లిటిల్ ఫెర్రీ అనే చిన్న ఊరు. ఫాక్స్ వాళ్ల పాత రీళ్లు అక్కడ ఓ గోదాములో దాచిపెట్టారు. అప్పటి ఫిల్మ్ నైట్రేట్ ఫిల్మ్, రసాయనికంగా తుపాకి మందుకి దగ్గర చుట్టం. పాతబడేకొద్దీ కుళ్లుతుంది, కుళ్లేటప్పుడు వేడీ, మండే గ్యాసూ వదులుతుంది, ఒకసారి అంటుకుంటే నీళ్లు పోసినా ఆరదు, ఎందుకంటే మండడానికి కావాల్సిన ఆక్సిజన్ అందులోనే ఉంది. ఆ వారం విపరీతమైన ఎండలు, గోదాములో గాలి ఆడే ఏర్పాటు సరిగ్గా లేదు. అర్ధరాత్రి దాటాక తనంతట తనే అంటుకుంది. 40 వేలకి పైగా రీళ్లు కాలిపోయాయి. పక్కనే ఇళ్లున్నాయి, నిద్రలేచి పరిగెత్తిన ఓ కుటుంబంలో 13 ఏళ్ల పిల్లాడు కాలిన గాయాలతో చనిపోయాడు. సినిమా చరిత్రలో నష్టం నష్టం అని రాసేటప్పుడు ఆ పిల్లాడి సంగతి చివర్లో ఓ ముక్కగా వస్తుంది, నాకది బాగోదు.

ఫాక్స్ మూకీల్లో చాలాభాగం, తొలి టాకీల్లో కొన్నీ ఆ రాత్రే పోయాయి. మన సినిమా కూడా అందులోనే పోయిందని మామూలుగా చెప్పుకుంటారు. నష్టం అంతటిదని కంపెనీ వాళ్లకే అప్పుడు అర్థం కాలేదు, పాత సరుకు కాలిపోయిందనుకున్నారు, కాలిన రీళ్ల బూడిదలోంచి వెండి తీయించారు (అప్పటి ఫిల్మ్ మీది పూతలో వెండి ఉండేది).

ఇక "కావాలని పారేశారా" అంటే, ఆ రోజుల్లో చాలా సినిమాలకి అదే జరిగింది. టీవీ లేదు, వీడియో లేదు, ఒకసారి థియేటర్లలో ఆడాక సినిమాకి విలువేముంది? దాచాలంటే అద్దె, ఇన్సూరెన్సు, నిప్పు భయం. కడిగితే వెండి వస్తుంది. మన దగ్గర మాత్రం వేరేగా జరిగిందా? మొదటి తెలుగు టాకీ "భక్త ప్రహ్లాద" (1932) ప్రింటు ఎక్కడుంది? లేదు. రఘుపతి వెంకయ్య గారబ్బాయి ప్రకాష్ 1921లో తీసిన "భీష్మ ప్రతిజ్ఞ"? అదీ లేదు. వాళ్లకి కనీసం తగలబడిందని చెప్పుకోడానికి ఓ తేదీ ఉంది.

పోయేవి మూకీలే కదా, ఇది టాకీ కదా?

చాలామంది అలాగే అనుకుంటారు. మూకీల లెక్క భయంకరమే, లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్ 2013లో బయటపెట్టిన అధ్యయనం ప్రకారం అమెరికాలో తీసిన పూర్తి నిడివి మూకీలు 10,919 అయితే వాటిలో అసలు రూపంలో పూర్తిగా మిగిలినవి 14 శాతం. టాకీల పరిస్థితి అంతకంటే చాలా మెరుగు, కానీ నైట్రేట్ వాడకం 1950ల మొదటిదాకా నడిచింది కాబట్టి తొలి టాకీలకీ ఆ ముప్పు తప్పలేదు.

యూట్యూబ్‌లో ఈ పేరుతో సినిమా కనిపించింది. అది ఏమిటి మరి?

ముందు భాష చూడండి. స్పానిష్‌లో మాట్లాడుతుంటే అది "ఎరాన్ త్రెసే". ఇంగ్లీషులో ఉండి, చాన్ మొహం వేరేలా ఉండి, కథ ఓడ మీద నడుస్తుంటే అది 1940లో సిడ్నీ టోలర్‌తో తీసిన "చార్లీ చాన్స్ మర్డర్ క్రూజ్", ఇదే నవలని అటూ ఇటూ మార్చి మళ్లీ తీశారు. రెండూ కాకుండా 1931 నాటి ఇంగ్లీషు సినిమా పూర్తిగా మీ కంట పడితే వెంటనే నాకు చెప్పండి, నాకంటే ముందు ఏదైనా ఆర్కైవ్‌కి చెప్పండి.

"ఎరాన్ త్రెసే" అంటే? డబ్బింగా?

డబ్బింగ్ కాదు, అసలు కిటుకంతా ఇక్కడే ఉంది. టాకీలు వచ్చిన కొత్తల్లో హాలీవుడ్‌కి పెద్ద తలనొప్పి పట్టుకుంది, మూకీకి టైటిల్ కార్డులు మారిస్తే ఏ దేశంలోనైనా ఆడేది, మాట్లాడే సినిమాని మెక్సికోలోనో స్పెయిన్‌లోనో ఏం చెయ్యాలి? డబ్బింగ్ ఇంకా కుదురుకోలేదు. అందుకని అదే స్క్రిప్టు, అవే సెట్లు, కానీ నటీనటులు వేరు, దర్శకుడు వేరు, ఇంకో భాషలో సినిమా మొత్తం మళ్లీ తీసేవాళ్లు. యూనివర్సల్ "డ్రాక్యులా"ని పగలు ఇంగ్లీషులో, రాత్రి స్పానిష్‌లో తీసింది, ఆ రెండూ ఇవాళ ఉన్నాయి. లారెల్, హార్డీ అయితే ఉచ్చారణ బట్టీపట్టి పరాయి భాషల్లో వాళ్లే నటించేశారు.

మనకిది కొత్తేం కాదు. మద్రాసు స్టూడియోల్లో జరిగింది అదేగా. 1955లో ఎల్.వి. ప్రసాద్ తెలుగులో "మిస్సమ్మ", తమిళంలో "మిస్సియమ్మ" ఒకేసారి తీశారు, సావిత్రి రెండిట్లోనూ ఉంది, తెలుగులో ఎన్టీఆర్, తమిళంలో జెమినీ గణేశన్. ఇప్పుడు తెలుగు మిస్సమ్మ ప్రింట్లన్నీ తగలబడిపోయి తమిళం మాత్రమే మిగిలిందనుకోండి. కథ తెలుస్తుంది, పాటల ట్యూన్లు తెలుస్తాయి, ఎవరు ఎక్కడ అలిగారో తెలుస్తుంది. కానీ ఎన్టీఆర్ ఎలా చేశాడో? అది మాత్రం తెలీదు. చాన్ సినిమాకి జరిగింది అచ్చంగా ఇదే.

స్పానిష్‌కి దర్శకుడు డేవిడ్ హోవర్డ్, చాన్‌గా మాన్యుయెల్ ఆర్బో. పేరుకి అర్థం "వాళ్లు పదమూడుగురు" అని. ఫాక్స్ వాళ్లు 2006లో వేసిన చాన్ డీవీడీల మొదటి సెట్టులో దీన్ని కూడా చేర్చారు.

చూడదగ్గదేనా?

నేను చూశాను, సగం ఇష్టంగా, సగం ఓపికగా. మొదట్లో నత్తనడకే. బ్రెజిల్ నటుడు రౌల్ రూలియెన్ మధ్యలో పాట కూడా పాడతాడు, హత్యల మధ్య పాట ఏమిటని అమెరికా వాళ్లు వింతగా రాస్తారు, మనకి అందులో వింతేముంది! ఆర్బో చాన్ మంచివాడిలా, నవ్వుమొహంతో, కాస్త తేలిగ్గా ఉంటాడు. ఓలాండ్ తర్వాతి సినిమాల్లో చేసినట్టు మాటకి మాటకి మధ్య ఆగి, ఎదుటివాడు తొందరపడి నోరు జారేదాకా ఎదురుచూసే పద్ధతి ఇతనిలో లేదు. ఆ పద్ధతి ఓలాండ్ మొదటి సినిమాలోనే పట్టుకున్నాడా, తర్వాత్తర్వాత వచ్చిందా? చూసినంతసేపూ నా బుర్రలో తిరిగింది అదొక్కటే. ఈ సినిమా దొరికితే తేలేది కూడా అదే, హంతకుడెవరన్నది నవల్లో ఎలాగూ ఉంది.

ఇంకోటి, స్పానిష్ వెర్షన్ చూసి "ఇంగ్లీషుది ఇలాగే ఉండేదన్నమాట" అనుకోకండి. డ్రాక్యులా విషయంలో రెండూ పక్కపక్కన పెట్టి చూస్తే కెమెరా కదలిక దగ్గర్నుంచి నిడివి దాకా ఎంత తేడానో తెలుస్తుంది. సెట్లు ఒకటే అయినంతమాత్రాన సినిమా ఒకటి కాదు.

ఇంగ్లీషు సినిమాది ఇంకేమీ మిగల్లేదా?

స్క్రిప్టు మిగిలింది, ఫిలిప్ క్లైన్, బారీ కానర్స్ రాసింది. స్టిల్స్ ఉన్నాయి, పోస్టర్లున్నాయి, అప్పటి పత్రికల సమీక్షలున్నాయి. కాబట్టి ఏ సీన్ తర్వాత ఏ సీనో, ఎవరేం మాట్లాడారో చాలావరకు చెప్పొచ్చు. ముఖాలు బొమ్మల్లో ఉన్నాయి, మాటలు కాగితం మీద ఉన్నాయి, గొంతే లేదు.

వార్నర్ ఓలాండ్ చైనీయుడా?

కాదు, స్వీడన్‌లో 1879లో పుట్టి చిన్నప్పుడే అమెరికా వచ్చినవాడు. చాన్ కంటే ముందు ఫు మాంచు అనే చైనా విలన్‌గా కూడా వేశాడు. ఇది ఇవాళ మింగుడుపడని సంగతే, దాన్ని మెత్తగా చెప్పడం నాకిష్టం లేదు. చైనా పాత్రని తెల్లవాడికిచ్చి, చైనీస్ నటుల్ని పక్కన నౌకర్లుగా నిలబెట్టిన రోజులవి. 2003లో అమెరికాలో ఫాక్స్ మూవీ ఛానల్ ఈ సినిమాలు వరసగా వేస్తామని ప్రకటించి, ఆసియన్ అమెరికన్ సంఘాలు అభ్యంతరం చెప్పడంతో వెనక్కి తగ్గింది.

రెండో వైపు కూడా ఉంది. పసుపుపచ్చ ముప్పు అంటూ చైనావాళ్లని రాక్షసుల్లా చూపిస్తున్న కాలంలో, ఆ గదిలో ఉన్న తెల్లవాళ్లందరికంటే తెలివైనవాడిగా ఓ చైనీయుణ్ని బిగర్స్ నిలబెట్టాడు. 1936లో ఓలాండ్ షాంఘై వెళ్తే జనం బాగానే ఆదరించారు. 1935 నుంచి చాన్ పెద్దకొడుకుగా వేసిన కీ లూక్ చైనాలో పుట్టినవాడు, ఆ పాత్రని జీవితాంతం వెనకేసుకొచ్చాడు. సినిమాల్లో చాన్ నోట అదేపనిగా సామెతలు పలికించడం నాకు చిరాకే, నవలల్లో చాన్‌కి ఇంకాస్త వెటకారం, ఇంకాస్త కోపం ఉన్నాయి. తనని తక్కువగా చూసినవాళ్లని ఆయన మర్చిపోడు.

చాన్ నిజంగా ఉన్న మనిషేనా?

చాన్ కాదుగానీ, హొనొలులు పోలీసుల్లో చాంగ్ అపానా అనే డిటెక్టివ్ నిజంగా ఉండేవాడు. లావుపాటి నెమ్మదైన చాన్‌కి పూర్తి వ్యతిరేకం, బక్కపల్చగా, చురుగ్గా, తుపాకి బదులు కొరడా పట్టుకుని తిరిగేవాడు. జూదపు గదుల మీద ఒంటరిగా దాడిచేసి గుంపులకి గుంపుల్ని పట్టుకొచ్చాడని చెప్తారు. "ది బ్లాక్ క్యామెల్" హొనొలులులో తీస్తున్నప్పుడు సెట్‌కి వెళ్లి ఓలాండ్‌ని కలిశాడు, ఇద్దరూ కలిసి దిగిన ఫొటో ఉంది. బిగర్స్, అపానా ఇద్దరూ 1933లోనే పోయారు.

నవల చదవాలంటే? తెలుగులోకి అనువాదం చేసుకోవచ్చా?

బిగర్స్ చాన్ మీద రాసినవి ఆరే నవలలు, ఇది ఐదోది. భారత చట్టం ప్రకారం రచయిత పోయాక 60 ఏళ్లు హక్కులుంటాయి, ఆయన పోయింది 1933లో, కాబట్టి ఇక్కడ ఎప్పుడో తీరిపోయాయి. అమెరికాలో ప్రచురణ నుంచి 95 ఏళ్లు, 1930 నాటి పుస్తకాలకి 2026 జనవరి 1తో గడువు అయిపోయింది. డిటెక్టివ్ యుగంధర్‌ని చదువుకుని పెరిగిన తెలుగు పాఠకుడికి ఈ ఓడ కథ ఇట్టే ఎక్కుతుంది, ఎవరైనా పూనుకుంటే బాగుణ్ణు. కషిమోని మాత్రం కుదించకండి.

దొరికే ఆశ ఉందా, నిజం చెప్పండి.

ఉంది, కానీ పందెం కాయను. 1916 నాటి "షెర్లాక్ హోమ్స్", రంగస్థలం మీద హోమ్స్‌గా పేరుమోసిన విలియం జిలెట్ నటించిన ఒకే ఒక్క సినిమా, దాదాపు వందేళ్లు పోయిందనుకున్నాక 2014లో ప్యారిస్‌లోని ఫ్రెంచ్ సినిమాథెక్ అనే ఫిల్మ్ ఆర్కైవ్‌లో బయటపడింది. 1978లో కెనడాలో డాసన్ సిటీ అనే ఊళ్లో తవ్వుతుంటే మంచునేల కింద 500కి పైగా రీళ్లు దొరికాయి, అప్పట్లో తిప్పి పంపే ఖర్చు దండగని పాత ఈతకొలనులో వేసి పూడ్చేశారట. ఇలా దొరికినవి ఎక్కువగా తీసిన దేశంలో కాదు, ఆడి ఆడి చిట్టచివరి ఊరికి చేరిన ప్రింట్లు. చాన్ సినిమాలు ప్రపంచమంతా ఆడాయి. ఎక్కడ ఆఖరి ఆట పడిందో అక్కడ వెతకాలి.

మా తాతగారికి టూరింగ్ టాకీస్ ఉండేది, అటక మీద రేకుడబ్బాల్లో రీళ్లున్నాయి. ఏం చెయ్యమంటారు?

ముందు అగ్గిపుల్ల గీసి చూడకండి. ఇది జోక్ కాదు, నైట్రేటో కాదో తెలుసుకోవడానికి ముక్క కాల్చి చూసేవాళ్లున్నారు. ప్రొజెక్టర్‌కి ఎక్కించొద్దు. డబ్బా మూత బలవంతంగా ఊడదియ్యొద్దు. అప్పటికే తెరిచి ఉండి వెనిగర్ వాసన గుప్పుమంటే అది బహుశా తర్వాతి కాలం అసిటేట్ ఫిల్మ్, అదీ పాడవుతోందన్నమాట కానీ పేలదు. గోధుమరంగు పొడి, జిగురు, ఘాటైన వాసన ఉంటే నైట్రేట్ కావచ్చు, ఇంట్లో ఉంచకుండా ఎండ తగలని, మనుషులు పడుకోని చోటికి నెమ్మదిగా మార్చండి. డబ్బా మీద ఏం రాసుందో ఫొటో తీసి పుణెలోని నేషనల్ ఫిల్మ్ ఆర్కైవ్‌కి రాయండి. పాత ఇనప సామానువాడికి మాత్రం అమ్మకండి, రేకుడబ్బాకి వచ్చే డబ్బులు వాడు లోపలున్న దానికి ఇవ్వడు.